ధనుష్కోటి స్టేషను: ఆ రాత్రికి ముందున్న యాభై ఏళ్లు
(హైదరాబాద్‌లో చరిత్రాభిమానుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)

సభకు నమస్కారం.

మనం కూర్చున్న ఈ బాగ్‌లింగంపల్లి హాలు నుంచి కాచిగూడ స్టేషను ఎంతో దూరం లేదు. 1916లో కట్టిన ఆ గుమ్మటాల భవనాన్ని మీరందరూ చూసే ఉంటారు. ఈ రోజు అక్కడి నుంచి వెళ్లే బండ్లన్నీ బ్రాడ్ గేజ్ బండ్లే గాని, మనలో నడివయసు దాటినవారికి అది మీటర్ గేజ్ స్టేషనుగానే మొదట పరిచయం. అజంతా ఎక్స్‌ప్రెస్, వేంకటాద్రి ఎక్స్‌ప్రెస్ ఆ సన్న పట్టాల మీదే నడిచేవి. కాచిగూడలో మొదలైన ఆ పట్టా మహబూబ్‌నగర్, గద్వాల, కర్నూలు మీదుగా ద్రోణాచలం చేరి, అక్కడి నుంచి గుంతకల్లు, ధర్మవరం, పాకాల, కాట్పాడి, విల్లుపురం, తిరుచ్చి, మానామదురై దాటి, మండపం దగ్గర భూమి అంచుకు వచ్చి, పాంబన్ వంతెన మీదుగా సముద్రాన్ని దాటి, ధనుష్కోటిలో ఇసుక మీద ఆగేది. బండ్లు ఎన్నో మారవలసి వచ్చేది గాని, పట్టాల మధ్య ఆ మీటరు వెడల్పు మాత్రం ఎక్కడా మారేది కాదు. పరాయి రాష్ట్రమైన తమిళనాడులో, ఆరు దశాబ్దాలుగా బండి రాని ఒక స్టేషను గురించి హైదరాబాద్‌లో ఎందుకు మాట్లాడుతున్నానని ఎవరైనా అడిగితే, నేను చెప్పగలిగిన మొదటి కారణం ఇదే. అది మన పట్టాకు చివరి కొస.

రెండో కారణం, ధనుష్కోటి అనగానే మనకు గుర్తుకు వచ్చేది తుపాను ఆ ఊరిని ముంచేసిన 1964 డిసెంబరు 22 రాత్రి ఒక్కటే కావడం. ఆ రాత్రి గురించి ఎంతో రాశారు, దాని చుట్టూ కథలు కూడా అల్లారు. ఆ రాత్రికి ముందు యాభై ఏళ్ల పది నెలల పాటు ఆ స్టేషను రోజూ పని చేసింది. అక్కడ టికెట్లు చింపారు, పెట్టెలు మోశారు, ఇంజన్లకు నీళ్లు పట్టారు, ఓడ ఆలస్యమైతే బండిని ఆపారు. ఆ పని ఎలా సాగింది, ఎందుకు అక్కడే సాగింది, తుపాను వెలిశాక తిరిగి ఎందుకు మొదలు కాలేదు అనే మూడు ప్రశ్నలకు సమాధానం వెతకడమే ఈ సాయంత్రం నా పని.

ముందు స్థలం సంగతి. రామేశ్వరం ఉన్న పాంబన్ దీవి ఆగ్నేయంగా సాగి సాగి, చివరికి ఒక సన్నని ఇసుక పట్టీగా మిగులుతుంది. దానికి ఒక పక్క పాక్ జలసంధి సముద్రం, మరో పక్క మన్నారు సింధుశాఖ. యాత్రికులు వాటిని మహోదధి, రత్నాకరం అంటారు. ఒక పక్క నీరు చెరువులా నిలిచి ఉంటే, రెండో పక్క కెరటాలు విరిగిపడుతూ ఉంటాయి. ఋతువు మారితే ఈ స్వభావాలు కూడా తారుమారవుతాయి. ధనుష్కోటి రేవు నుంచి శ్రీలంక ఒడ్డున ఉన్న తలైమన్నారు ఓడ దారిన సుమారు 35 కిలోమీటర్లు. ఈ రెంటి మధ్య ఇసుక తిన్నెల వరుస ఉంది. దాన్నే మనం సేతువు అంటాం. విభీషణుడి కోరికపై రాముడు ధనుస్సు కొసతో సేతువును తెంచిన చోటు గనుక ధనుష్కోటి అయిందని స్థలపురాణం. కోటి అంటే ఇక్కడ సంఖ్య కాదు, వింటి కొస.

రైలు రాకముందు కూడా ఈ దారిన మనుషులు దాటుతూనే ఉన్నారు. 1897 జనవరిలో స్వామి వివేకానంద విదేశాల నుంచి తిరిగి వచ్చినప్పుడు సింహళం మీదుగా వచ్చి పాంబన్‌లోనే భారత భూమి మీద కాలు పెట్టారు. రామనాథపురం రాజులకు సేతుపతులనే బిరుదు రావడానికి కారణం కూడా ఈ దారిని, యాత్రికులను కాపాడే బాధ్యత వారిది కావడమే. అయితే మద్రాసు నుంచి కొలంబోకు వెళ్లవలసిన మామూలు ప్రయాణికుడికి 1914కు ముందున్న రాచబాట ఇది కాదు. అతడు రైలులో తూత్తుకుడి దాకా వెళ్లి, అక్కడ స్టీమరు ఎక్కి, రాత్రంతా సముద్రం మీద గడిపి కొలంబోలో దిగేవాడు. ఓడను అందుకునే బండి గనుక ఆ రైలుకు బోట్ మెయిల్ అనే పేరు వచ్చింది.

సౌత్ ఇండియన్ రైల్వే వారి ఆలోచన ఏమిటంటే, సముద్రం మీద గడిచే ఆ రాత్రిని రెండు మూడు గంటలకు కుదించడం. అందుకు పాంబన్ కయ్య, అంటే దీవిని ప్రధాన భూభాగం నుంచి వేరు చేసే సముద్రపాయ, మీద వంతెన కావాలి. ఓడలు ఆ కయ్య గుండానే వెళ్తాయి గనుక వంతెన మధ్య భాగం తెరుచుకోవాలి కూడా. 1911లో పని మొదలైంది. రెండు కిలోమీటర్లకు పైగా పొడవున్న ఆ వంతెన మధ్యలో షెర్జర్ పద్ధతిలో రెండు రెక్కల ఉక్కు ద్వారం అమర్చారు. ఓడ వచ్చినప్పుడు అటు కొందరు, ఇటు కొందరు కూలీలు కలిసి మీటలు తిప్పితే ఆ రెక్కలు మెల్లగా పైకి లేచేవి. అది చేతులతో చేసిన పని, మోటారు లేదు. 1914 ఫిబ్రవరి 24న వంతెన, ధనుష్కోటి దాకా రైలు దారి, అవతల తలైమన్నారు దాకా సింహళ ప్రభుత్వ రైలు దారి, మధ్యన స్టీమరు, అన్నీ కలిసి ఒకే మార్గంగా తెరుచుకున్నాయి. బోట్ మెయిల్ తూత్తుకుడిని వదిలి ధనుష్కోటికి మారింది. కర్జన్, ఎల్గిన్, హార్డింజ్ అనే వైస్రాయిల పేర్లతో స్టీమర్లు వచ్చాయి. తర్వాతి తరంలో ఇర్విన్, గోషెన్ వచ్చాయి.

ఇక్కడ ఒక సాంకేతిక విషయం దగ్గర కొంచెం ఆగాలి. ధనుష్కోటి బతుకంతా దాని మీదే ఆధారపడిందని నా అభిప్రాయం. మన వైపు పట్టాలు మీటర్ గేజ్, అంటే 1,000 మిల్లీమీటర్లు. సింహళంలో మొదటి నుంచి వేసినది బ్రాడ్ గేజ్, అంటే 1,676 మిల్లీమీటర్లు. ఒకవైపు వ్యాగన్ రెండోవైపు పట్టాల మీద నిలబడదు. సేతువు మీదుగా పట్టాలు వేసి రెండు దేశాలను రైలుతోనే కలపాలనే ప్రతిపాదనలు కూడా ఆ రోజుల్లో వచ్చాయి గాని, అవి కాగితం దాటలేదు. కాబట్టి ఈ ఒడ్డున వ్యాగన్లో ఉన్న ప్రతి బస్తాను, ప్రతి పెట్టెను మనిషి భుజాన వేసుకుని దింపాలి, ఓడలోకి చేర్చాలి, ఆ ఒడ్డున మళ్లీ దింపి ఇంకో వ్యాగన్లోకి ఎక్కించాలి. మనుషుల సంగతీ అంతే. దిగాలి, నడవాలి, కస్టమ్స్ వారికి పెట్టె తెరిచి చూపాలి, వైద్య పరీక్షకు నిలబడాలి, తర్వాతే ఓడ ఎక్కాలి. సరుకు ఎక్కడ చేతులు మారుతుందో అక్కడ కూలీలు కావాలి. కూలీలకు ఇళ్లు, ఆ ఇళ్లకు అంగడి, అంగడి వెనక బడి, పోస్టాఫీసు, చర్చి, సత్రం. ఇలా వ్యవసాయానికి గుప్పెడు మట్టి లేని ఇసుక మీద ఒక చిన్న పట్టణం పుట్టింది. కొన్ని ఊళ్లకు స్టేషను వస్తుంది. ధనుష్కోటి విషయంలో స్టేషనుకే ఊరు వచ్చింది. దాని చివరి రోజులను అర్థం చేసుకోవడానికి ఈ తేడా మనకు అవసరమవుతుంది.

ఆ దారిన ఎవరు వెళ్లారు? బోట్ మెయిల్ మొదటి తరగతిలో దొరలు, అధికారులు, వ్యాపారులు వెళ్లారు. వారి గురించి ఆనాటి పత్రికల్లో, ప్రకటనల్లో బోలెడు ఉంది. ఎక్కువ మంది మాత్రం మూడో తరగతి వారే. తేయాకు తోటల్లో పనికి కుదిరిన తమిళ కూలీలు కుటుంబాలతో సహా ఈ దారినే సింహళం వెళ్లారు, ఈ దారినే తిరిగి వచ్చారు. వారిని వంతెనకు ఇవతల, మండపంలో, సింహళ ప్రభుత్వమే నడిపిన క్వారంటైన్ క్యాంపులో కొన్ని రోజులు ఉంచి, పరీక్షలు చేసి, ఆ తర్వాతే ఓడకు పంపేవారు. పొరుగు దేశపు ప్రభుత్వం భారత భూమి మీద ఒక క్యాంపు నడిపిందన్న సంగతి ఇప్పుడు మనకు వింతగా తోస్తుంది గాని, రెండూ ఒకే సామ్రాజ్యంలో ఉన్న రోజులవి. ఈ రోజుకీ ఆ స్టేషను పేరు మండపం క్యాంప్ అనే ఉంది.

ఇక మనవాళ్లు. తెలుగునాట నుంచి ధనుష్కోటి వెళ్లినవారిలో ఎక్కువ మంది సింహళం వెళ్లలేదు. సేతు స్నానం చేసి వెనక్కి తిరిగారు. కాశీ రామేశ్వర యాత్ర పూర్తి కావాలంటే ముందు రామేశ్వరం వెళ్లి, సేతువు దగ్గర స్నానం చేసి, అక్కడి ఇసుక తీసుకుని, దాన్ని ప్రయాగ త్రివేణిలో కలిపి, కాశీ నుంచి గంగ తెచ్చి రామేశ్వరుడికి అభిషేకం చేయించాలని మన పెద్దల నియమం. మా నాయనమ్మది గద్వాల వైపు ఊరు. 1962లో ఊరివాళ్లు పదిమందితో కలిసి ఆమె ఈ యాత్రకు బయలుదేరింది. పాంబన్‌లో దారి రెండుగా చీలేది, ఒక పాయ రామేశ్వరానికి, మరొకటి నేరుగా ధనుష్కోటికి. ఆ జంక్షన్‌లో బండి మారడం ఆమెకు బాగా గుర్తు. ధనుష్కోటి గురించి ఆమె మాకు చెప్పినవి చాలా మామూలు విషయాలు. స్టేషను దాటి రెండడుగులు వేయగానే కాలు ఇసుకలో దిగబడిందట. స్నానం చేసి తడి చీరతో వస్తే, పట్టాల పక్కనున్న కంకర మీద నడవడమే హాయిగా ఉందట. సేతువు ఇసుకను పాత పంచె చింపి మూట కట్టి, ఆ మూటను మరచెంబులో పెట్టి మూత బిగించింది. ఆ చెంబు మా ఇంట్లో దేవుడి గూట్లో నాలుగేళ్లు ఉంది. కాశీకి వెళ్లడానికి డబ్బు, తోడు కలిసి వచ్చేసరికి 1966 అయింది. ఆమె ఆ ఇసుకను త్రివేణిలో వదిలిన నాటికి, దాన్ని మోసుకొచ్చిన బండీ లేదు, అది బయలుదేరిన స్టేషనూ లేదు.

ఇప్పుడు ఆ సంవత్సరానికి వద్దాం. 1964లో ధనుష్కోటికి సంబంధించి రెండు పెద్ద సంఘటనలు జరిగాయి. రెండోది అందరికీ తెలుసు. మొదటిది అక్టోబరు 30న ఢిల్లీలో భారత ప్రధాని శాస్త్రి, సింహళ ప్రధాని సిరిమావో మధ్య కుదిరిన ఒప్పందం. 1948లో సింహళం చేసిన పౌరసత్వ చట్టం తోట కూలీలను ఏ దేశానికీ చెందనివారిగా చేసింది. తరాలుగా అక్కడే పుట్టి పెరిగిన ఆ జనంలో 5,25,000 మందిని భారతదేశం తీసుకుంటుందని, 3,00,000 మందికి సింహళం పౌరసత్వం ఇస్తుందని, మిగిలిన 1,50,000 మంది సంగతి తర్వాత తేల్చుకోవాలని ఆ ఒప్పందంలో రాసుకున్నారు. వారి తాత ముత్తాతలు కూలికి వెళ్లిన దారి ధనుష్కోటి. వీరు తిరిగి రావలసిన దారి కూడా అదే. ఒప్పందం మీద సంతకాలు జరిగిన ఎనిమిది వారాల లోపే ఆ దారి సముద్రంలో కలిసింది. ధనుష్కోటి చరిత్ర చెప్పేవారు ఈ రెండు సంఘటనలను పక్కపక్కన పెట్టి చెప్పడం నేను ఎక్కువగా చూడలేదు. చెప్పి తీరాలని నా నమ్మకం.

డిసెంబరు 17న దక్షిణ అండమాన్ సముద్రంలో అల్పపీడనం ఏర్పడింది, 19 నాటికి అది తుపాను అయింది. 22న శ్రీలంకలో వవునియా ప్రాంతం దాటి, ఆ రాత్రి ధనుష్కోటిని తాకింది. గాలి వేగం గంటకు 280 కిలోమీటర్ల దాకా ఉండవచ్చని అంచనా వేశారు. కెరటాలు ఏడు మీటర్ల ఎత్తున వచ్చాయంటారు. ఏడు మీటర్లంటే మన మధ్యతరగతి ఇంట్లో రెండంతస్తుల ఎత్తు. ధనుష్కోటి ఇసుక పట్టీ సముద్ర మట్టానికి ఎంత ఎత్తులో ఉందో చూసినవారికి, ఆ కెరటానికి అక్కడ అడ్డు వచ్చేది ఏదీ లేదని వెంటనే అర్థమవుతుంది. సముద్రం ఒక వైపు నుంచి వచ్చి రెండో వైపు సముద్రంలో కలిసింది, మధ్యలో ఊరు ఉంది.

పాంబన్ నుంచి ధనుష్కోటికి వెళ్లే 653 నంబరు పాసింజరు ఆ రాత్రి పన్నెండు గంటలకు కొద్ది నిమిషాల ముందు బయలుదేరింది. ధనుష్కోటి ఇంకా కొన్ని వందల గజాల దూరం ఉందనగా సముద్రం దాన్ని కబళించింది. అందులో ఉన్నవారు, రైల్వే సిబ్బందితో కలిపి, 115 మంది అని లెక్క వేశారు. ఒక్కరూ బతకలేదు. సిగ్నల్ పడక బండి ఆగిందని, డ్రైవరు కాసేపు చూసి, పొడవుగా కూత వేసి, ధైర్యం చేసి ముందుకు నడిపాడని ఒక కథనం ప్రతి చోటా కనిపిస్తుంది. అది చదివినప్పుడల్లా నాకు ఒకటే సందేహం వస్తుంది. ఆ బండిలో ఉన్నవారెవరూ మిగల్లేదు, తుపాను హోరులో తంతి, టెలిఫోను తీగలు తెగిపోయాయి, చుట్టూ చీకటి. డ్రైవరు ఎంతసేపు ఆలోచించాడో, ఏ ధైర్యంతో కదిలించాడో చూసి చెప్పినవారెవరు? చనిపోయిన ఉద్యోగి తలమీద ఒక నిర్ణయాన్ని పెట్టి, దాన్ని సాహసమనో తొందరపాటు అనో అనడం న్యాయం కాదు. చరిత్ర రాసేవారు అక్కడ కలం ఆపాలి.

ఆ తుపానులో భారతదేశంలోను, సింహళంలోను కలిపి చనిపోయినవారు 1,800కు పైనే. మన తెలుగు ఇళ్లలో ఆ వార్త మరీ దగ్గరగా వినిపించడానికి ఒక కారణం ఉంది. మహానటి సావిత్రి, జెమినీ గణేశన్ ఆ రోజుల్లో రామేశ్వర యాత్రలో ఉండి తుపానులో చిక్కుకున్నారు. వారు క్షేమంగా బయటపడ్డారని తెలిసే దాకా ఇక్కడి జనం ఆందోళన పడ్డారు. మా నాయనమ్మ మాత్రం ఆ వార్త విని, పాంబన్‌లో తమకు బండి మారే చోటు చూపించిన పోర్టరు ఏమయ్యాడోనని అడిగిందట. ఆమెకు అతని పేరు కూడా తెలియదు.

పాంబన్ వంతెన కూడా దెబ్బతింది. దాని 145 గర్డర్లలో 126 సముద్రంలోకి కొట్టుకుపోయాయి. మధ్యలోని షెర్జర్ ద్వారం మాత్రం నిలిచింది. వంతెనను ఆరు నెలల్లో బాగు చేయాలని రైల్వే లక్ష్యం పెట్టుకుంటే, జనరల్ మేనేజరు దాన్ని మూడు నెలలకు కుదించారు. పని అప్పగించిన యువ ఇంజనీరు 46 రోజుల్లో ముగించారు. ఆ ఇంజనీరు ఇ. శ్రీధరన్. తర్వాత కొంకణ్ రైల్వేతోను, ఢిల్లీ మెట్రోతోను దేశమంతటికీ తెలిసిన ఆయన ఇంజనీరింగ్ చదువుకున్నది మన కాకినాడ కళాశాలలోనే. కొట్టుకుపోయిన గర్డర్లు సముద్రంలో ఎక్కడ పడి ఉన్నాయో మత్స్యకారుల మాట ద్వారా తెలిసింది. వాటిని పైకి తీసి తిరిగి వాడుకోవడం వల్లనే అంత తొందరగా పని పూర్తయింది. కొత్త ఉక్కు కోసం ఎదురు చూసి ఉంటే అది సాధ్యమయ్యేది కాదు.

వంతెన 46 రోజుల్లో లేచింది. దానికి అవతల, దీవి మీద, నేల మీదే ఉన్న ధనుష్కోటి దారి మాత్రం ఎన్నడూ లేవలేదు. సముద్రంలో నుంచి గర్డర్లు లాగి వంతెన నిలబెట్టగలిగిన రైల్వే, ఇసుక మీద కొన్ని కిలోమీటర్ల పట్టా వేయలేక ఊరుకుందా? చేతకాకపోవడం కాదు. ఇక్కడే నేను ముందు చెప్పిన తేడా గుర్తు చేసుకోవాలి. వంతెన వెనుక రామనాథస్వామి ఆలయం ఉంది, లక్షలాది యాత్రికులు ఉన్నారు, రామేశ్వరం పట్టణం ఉంది. ధనుష్కోటి స్టేషను వెనుక ఉన్నది ఓడ ఒక్కటే. ఓడకు రేవు ఎక్కడ పెడితే అక్కడికే వస్తుంది. మద్రాసు ప్రభుత్వం ధనుష్కోటి నివాసయోగ్యం కాదని ప్రకటించింది, ఓడ సర్వీసును రామేశ్వరానికి మార్చారు, ఒప్పందం ప్రకారం తిరిగి వచ్చిన తోట కూలీల కుటుంబాలు తలైమన్నారులో ఎక్కి రామేశ్వరంలో దిగి మండపం క్యాంపుకు చేరాయి. సరుకు చేతులు మారే చోటు మారిపోయింది గనుక, ఆ చేతుల కోసం పుట్టిన ఊరికి ఇక పని లేకుండా పోయింది. తుపాను స్టేషనును కూల్చింది. దాన్ని మూసివేసింది మాత్రం ఆ తర్వాత కాగితం మీద జరిగిన నిర్ణయం. ఆ నిర్ణయం తప్పని నేను అనడం లేదు. అంత ప్రాణనష్టం చూశాక మళ్లీ మనుషులను అక్కడ కాపురం పెట్టమని ఏ ప్రభుత్వమూ చెప్పకూడదు. కానీ సముద్రం చేసినదీ మనుషులు చేసినదీ విడివిడిగా చెప్పుకోకపోతే ఆ స్టేషను చరిత్ర సగమే చెప్పినట్టవుతుంది.

రామేశ్వరం ఓడ కూడా ఎక్కువ కాలం సాగలేదు. 1980ల మొదట్లో శ్రీలంకలో అంతర్యుద్ధం మొదలయ్యాక అది ఆగిపోయింది. అవతల తలైమన్నారు రైలు దారి యుద్ధంలో నాశనమైంది. యుద్ధం ముగిశాక మన రైల్వే నిర్మాణ సంస్థ ఇర్కానే దాన్ని తిరిగి వేసింది. 2015 మార్చి 14న భారత ప్రధాని అక్కడ బండికి జెండా ఊపారు. ఆ ఒడ్డున స్టేషను మళ్లీ బతికింది. ఈ ఒడ్డున మీటర్ గేజ్ పోయి 2007లో పాంబన్ వంతెన మీద బ్రాడ్ గేజ్ వచ్చింది. అంటే ఏ గేజ్ తేడా వల్ల ధనుష్కోటి పుట్టిందో ఆ తేడా ఇప్పుడు లేదు, రెండు ఒడ్డుల పట్టాలూ ఒకే వెడల్పు. పాత వంతెన మీద 2022 డిసెంబరులో రైళ్లు ఆపేశారు. 2025 ఏప్రిల్ 6న కొత్త వంతెన ప్రారంభమైంది. దాని మధ్య భాగం రెక్కల్లా విచ్చుకోదు, 72.5 మీటర్ల దూలం మొత్తం నిలువుగా పైకి లేస్తుంది, మీటలు తిప్పే కూలీలతో పని లేదు. చెన్నై ఎళుంబూరు నుంచి రామేశ్వరం వెళ్లే రాత్రి బండిని ఇప్పటికీ బోట్ మెయిల్ అనే పిలుస్తున్నారు.

నేను ధనుష్కోటికి రెండుసార్లు వెళ్లాను. 2009లో వెళ్లినప్పుడు తారురోడ్డు ఒక చోట ఆగిపోయేది. అక్కడి నుంచి కిక్కిరిసిన వ్యానులో, నీటి గుంటల గుండా, ఇసుకలో ఊగుతూ వెళ్లవలసి వచ్చింది. 2017లో పట్టీ కొసనున్న అరిచల్‌మునై దాకా రోడ్డు పూర్తయింది గనుక, 2023లో రెండోసారి కారు తిన్నగా స్టేషను శిథిలాల పక్కనే ఆగింది. మొదటిసారి చూసిన దృశ్యం ఒకటి చెబుతాను. స్టేషను గోడకు పైపూత ఊడిన చోట చేయి పెట్టి చూశాను. ఆ రాయి గరుకుగా, బరువు లేనట్టుగా, చిన్న చిన్న గదులుగా ఉంది. చూడగా అది పగడపు రాయి. సముద్రంలో పురుగులు కట్టుకున్న గూళ్లను కోసి, సున్నం పెట్టి గోడగా పేర్చారు. దీవి మీద కొండరాయి లేదు గనుక, దొరికిన దానితోనే కట్టుకున్నారు. పక్కన ఉన్న చర్చి గోడలూ అదే రాయి. కొద్ది దూరంలో ఇంజన్లకు నీరు పట్టే ట్యాంకు కట్టడం నిలబడి ఉంది. దానికి ఇవతల, కెరటాలకు యాభై అడుగుల లోపే, ఒక మత్స్యకార స్త్రీ సిమెంటు వరలు దించిన చిన్న గుంటలోంచి చెంబుతో నీరు తోడి బిందెలో పోస్తోంది. అడిగితే దోసిలి పట్టమని పోసింది. ఆ నీరు తియ్యగా ఉంది. ఇసుకలో ఇంకిన వాన నీరు ఉప్పు నీటి మీద తేలి నిలుస్తుంది, నాలుగైదు అడుగులు తవ్వితే చాలు. ఎండిన ఇసుక మీద యాభై ఏళ్లు ఒక ఊరు ఎలా తాగి బతికిందో ఆ దోసిలి నీటితో అర్థమైంది. నివాసయోగ్యం కాదని ప్రకటించిన చోట ఆ కుటుంబాలు గుడిసెలు వేసుకుని, పడవలు, వలలు పెట్టుకుని ఇప్పటికీ ఉన్నాయి. సందర్శకులను మాత్రం చీకటి పడకముందే వెనక్కి పంపేస్తారు.

రామేశ్వరం నుంచి ధనుష్కోటికి తిరిగి రైలు వేయాలని, దాదాపు 17 కిలోమీటర్ల దారికి 2019 మార్చిలో శంకుస్థాపన చేశారు. తమిళనాడు ప్రభుత్వం భూమి ఇవ్వడానికి అభ్యంతరం చెప్పడంతో పని సాగలేదు. రైలంటే ప్రాణం పెట్టేవాణ్ణి గనుక నేను ఆ దారిని సమర్థిస్తానని మీరు అనుకోవచ్చు. నేను సమర్థించను. అవతలి ఒడ్డుకు తీసుకుపోయే ఓడ లేకుండా ధనుష్కోటికి రైలు వేస్తే అది సందర్శకులను చివరి దాకా చేర్చే బండి అవుతుంది గాని, పాత దారి తిరిగి వచ్చినట్టు కాదు. ఆ పనికి రోడ్డు ఇప్పటికే ఉంది. ఆ ఇసుక పట్టీ ఎంత భారం మోయగలదో 1964లో చూశాం. డబ్బు ఖర్చు పెట్టదలచుకుంటే ముందు ఆ గోడలకు పెట్టాలి. పగడపు రాయికి, సున్నానికి ఉప్పు గాలే శత్రువు. ప్రతి వర్షాకాలం తర్వాత కొంత పొడిగా రాలుతుంది. దానికి తోడు రోడ్డు వచ్చాక చేరిన జనం గోడల మీద మేకులతో పేర్లు గీస్తున్నారు, ఫోటోల కోసం వాటి మీదికి ఎక్కుతున్నారు. 2009లో నేను చేయి పెట్టి చూసిన ఆ గోడకు పక్కనే ఒక కమాను ఉండేది, దాని కింద నిలబడి మా అబ్బాయి ఫోటో తీసుకున్నాడు. 2023లో ఆ ఫోటో చేతిలో పట్టుకుని వెతికితే, కమాను చోట ఇసుకలో సగం పూడిన రాళ్ల కుప్ప కనిపించింది.

మరో పని మనం హైదరాబాద్‌లో కూర్చునే చేయవచ్చు. ఆ స్టేషనును ప్రయాణికులుగా వాడినవారిలో అందరికంటే చిన్నవారికి కూడా ఇప్పుడు అరవై ఏళ్లు దాటి ఉంటాయి. కాచిగూడలోనో, మహబూబ్‌నగర్‌లోనో, కర్నూలులోనో మీటర్ గేజ్ బండి ఎక్కి సేతు స్నానానికి వెళ్లి వచ్చిన తల్లులు, తండ్రులు మన ఇళ్లలో ఇంకా కొందరున్నారు. పాంబన్‌లో బండి మారడం, ధనుష్కోటి ప్లాట్‌ఫారం, సత్రంలో వంట, కస్టమ్స్ వారు మూట విప్పి చూడడం, వారికి ఏది గుర్తుంటే అది, వారి మాటల్లోనే రికార్డు చేసి తెచ్చి ఇవ్వండి. అట్టపెట్టెల అడుగున పాత అట్ట టికెట్టు ఒకటి దొరికినా సరే. వచ్చే నెల సమావేశానికి నేను మా నాయనమ్మ మరచెంబు తీసుకువస్తాను. మూత మరలో ఇంకా ఆ ఇసుక రేణువులు ఉన్నాయి, తిప్పితే గరగరమంటుంది.